కాదనలేని రాజీ

పరకాల వైపు ఒక ఊళ్లో రెండేళ్ల కిందట గెట్టు పంచాయితి జరుగుతుంటే దగ్గరుండి చూశాను. అన్నదమ్ముల పిల్లల మధ్య తగాదా అది. పక్కపక్కనే రెండు చెలకలు, నడుమ ఒక గెట్టు. దుక్కి దున్నినప్పుడల్లా ఆ గెట్టు తన వైపు జానెడు జరుగుతోందని తమ్ముడి ఫిర్యాదు. వేపచెట్టు గద్దె మీద ఐదుగురు పెద్దమనుషులు కూర్చున్నారు. మాట మొదలు కాకముందే ఇద్దరూ చెరి ఇరవై వేలు వాళ్ల ముందర పెట్టాలి; చెప్పిన తీర్పు వినకుండా లేచిపోయినవాడి పైసలు పోతాయి. అన్న జేబులోంచి తీసి పెట్టాడు. తమ్ముడు పొద్దున్నే మూడు రూపాయల మిత్తికి తెచ్చి, నోట్లకు చుట్టిన రబ్బరు బ్యాండు కూడా విప్పకుండా పెట్టాడు. పొద్దుగూకేసరికి గెట్టు ఎక్కడుండాలో తేలింది. ఇద్దరి చేతా చాయ తాగించారు. ఖర్చుల కింద కొంత పట్టుకుని మిగిలిన పైసలు ఎవరివి వాళ్లకు ఇచ్చేశారు. మరుసటి వానాకాలానికి అదే తగాదా బోరు దగ్గరికి పోయే బాట మీద మళ్లీ లేచింది. అప్పుడు ఒప్పుకున్నారు కదా అని తమ్ముడి భార్యను అడిగితే, ‘‘ఒప్పుకోక ఏం జేస్తం సార్, పైసలు వాళ్ల చేతుల ఉండె’’ అన్నది.

ఉర్దూ నుంచి మనకు వచ్చిన ‘రాజీ’ అనే మాటకు మూలార్థం సమ్మతించడం, తృప్తి పడడం. మన ఊళ్ల వాడుకలో ‘రాజీ పడ్డడు’ అంటే తగ్గాడనీ, వదులుకున్నాడనీ అర్థం స్థిరపడింది. మాట అర్థం ఇలా జారిపోవడం వెనుక ఒక చరిత్ర ఉంది. ఉత్తర తెలంగాణలో తగాదాలు తీర్చే గద్దె మీద గత ఎనభై ఏళ్లలో దొర కూర్చున్నాడు, నక్సలైట్ల దళం కూర్చుంది, పోలీసు కూర్చున్నాడు, ఇప్పుడు చాలా ఊళ్లలో గ్రామాభివృద్ధి కమిటీ కూర్చుంటోంది. వీళ్ల ఉద్దేశాలు ఒకటి కావు, అందరినీ ఒకే గాటన కట్టడం అన్యాయం కూడా. అయినా తీర్పు చెప్పించుకున్న బలహీనుడు ‘నాకు సమ్మతం కాదు’ అని లేచి, మర్నాడు ఎప్పటిలాగే ఊళ్లో తిరగగలిగే స్థితి ఈ నాలుగు ఏలుబడుల్లో ఏదీ ఇవ్వలేదు. ఊళ్లో శాంతి ఉందా లేదా అని చూడడానికి నాకు ఇంతకంటే నమ్మదగిన తూకం కనిపించదు.

గడి, అంటే దొర కోటలాంటి ఇల్లు, ఊరిని ఏలిన కాలంలో పంచాయితి అంటే దొర ముందు చేతులు కట్టుకుని నిలబడడం. తగాదా ఎవరిదైనా జుర్మానా గడికే చేరేది. పాలకుర్తి చాకలి ఐలమ్మ తాను కౌలుకు చేసుకుంటున్న భూమిలో పండిన పంటను విసునూరు దేశ్‌ముఖ్ మనుషులు ఎత్తుకుపోకుండా ఆంధ్ర మహాసభ సంఘం అండతో నిలబెట్టుకున్నప్పుడు, ఆమె గింజలను కాపాడుకోవడంతో పాటు ఆ గడి గద్దెకు తనపై తీర్పు చెప్పే అధికారం లేదని కూడా చాటింది. 1946 జూలై 4న కడవెండిలో దొడ్డి కొమురయ్య కాల్పుల్లో ఒరిగిపోయిన తరువాత ఆ నిరాకరణ ఊరూరికీ పాకింది. మళ్లీ 1978 సెప్టెంబరు 7న జగిత్యాల జైత్రయాత్ర నాటికి కూలి రేట్లు, వెట్టి, దొరల అధీనంలోని బంజర్ల విషయంలో రైతుకూలీ సంఘాలే పంచాయితి పెట్టే రోజులు వచ్చాయి. దొర ఎదుట పాలేరు కూర్చుని మాట్లాడిన మొదటి సందర్భాలు ఆ పంచాయితీలే అన్న నిజాన్ని ఎవరూ దాచకూడదు. కానీ దళం తుపాకి పక్కన పెట్టుకుని చెప్పే తీర్పుకు అప్పీలు ఉండదు. ఇన్‌ఫార్మర్ అని ముద్ర పడినవాడికి సంజాయిషీ చెప్పుకొనే వ్యవధి దొరకని సందర్భాలున్నాయి. ఎన్‌కౌంటర్ పేరుతో ప్రాణాలు పోయిన యువకులకు అసలు విచారణే లేదు.

దళానికీ పోలీసుకూ నడుమ నిలబడి మాట్లాడినవాళ్లు వరంగల్‌లో చెల్లించిన మూల్యం పెద్దది. పిల్లల వైద్యుడు, పౌరహక్కుల నాయకుడు డాక్టర్ రామనాథం 1985 సెప్టెంబరు 3న హత్యకు గురయ్యారు. నక్సలైట్ల చేతిలో మరణించిన ఒక ఎస్ఐ అంతిమయాత్ర సాగిన రోజు అది. అయినా మధ్యలో నిలబడేవాళ్లు పుట్టుకొస్తూనే ఉన్నారు. విశ్రాంత ఐఏఎస్ అధికారి ఎస్.ఆర్. శంకరన్ నాయకత్వంలో 1997లో ఏర్పడిన పౌరస్పందన వేదిక ప్రభుత్వాన్నీ నక్సలైట్ పార్టీనీ ఏళ్ల తరబడి ఒకే ప్రశ్న అడిగింది: మీ పోరాటంలో సామాన్యుడి బతుకు ఏమవుతోంది? 2004 అక్టోబరు 15 నుంచి 18 వరకు హైదరాబాద్‌లో ప్రభుత్వానికీ నక్సలైట్లకూ మధ్య జరిగిన చర్చల వెనుక ఆ ఓపిక ఉంది. ఆయుధాలతో ఊళ్లలో తిరగవచ్చా అన్న దగ్గర మాట తెగింది. 2005 జనవరిలో నక్సలైట్లు చర్చల నుంచి తప్పుకున్నారు, ఆగస్టులో పార్టీపై నిషేధం తిరిగి వచ్చింది. చర్చల్లో నలిగిన భూమి ప్రశ్న మీద కోనేరు రంగారావు కమిటీ వేశారు, నివేదిక కూడా వచ్చింది. ఆ చర్చలు వృథా అనేవాళ్లతో నేను ఏకీభవించను. తుపాకులు ఆగిన ఆ కొద్ది నెలల్లో రాత్రి తలుపు చప్పుడైతే ఉలిక్కిపడని నిద్ర అంటే ఏమిటో పల్లెలు చూశాయి. అయితే ఆ బల్లకు రెండు పక్కలా కూర్చున్నవాళ్లలో, రాత్రి దళానికి అన్నం పెట్టి పొద్దున స్టేషన్లో దెబ్బలు తిన్న మనిషి లేడు.

దళాలు వెనక్కి తగ్గాక ఖాళీ అయిన గద్దె మీదికి నిజామాబాద్, జగిత్యాల, నిర్మల్ జిల్లాల ఊళ్లలో గ్రామాభివృద్ధి కమిటీలు వచ్చాయి. వాటి మంచిని మంచిగానే చెప్పాలి. చెరువు పూడిక తీయించినవి ఉన్నాయి, బడికి గదులు కట్టించినవి ఉన్నాయి, ప్రభుత్వ నిధుల కోసం చూడకుండా ఊరే పూనుకుంటే ఎంత జరుగుతుందో చూపించినవి ఉన్నాయి. కానీ వీటికి చట్టబద్ధమైన పునాది లేదు. ఎన్నికైన సర్పంచు పక్కన కూర్చుని చూస్తుంటే, కులానికి ఒకరు చొప్పున ఎంపికైన పెద్దలు ఊరిని నడుపుతారు. బెల్టు షాపు వేలం వేస్తారు. కల్లు ధర నిర్ణయిస్తారు. గీత కార్మికులు ఇంత కట్టాలని చెబుతారు. కాదన్న కుటుంబం మీద సాంఘిక బహిష్కరణ విధిస్తారు.

బహిష్కరణ అంటే ఎవరూ కొట్టరు, తిట్టరు. పొద్దున డప్పు చాటింపు వేస్తారు, అంతే. ఆ తరువాత కిరాణం కొట్టులో ఉప్పు అడిగితే కొట్టతను చూపు తిప్పుకుంటాడు. వరి కోతకొచ్చినా హార్వెస్టర్ ఆ మడి దాకా వచ్చి పక్కకు తిరిగి వెళ్తుంది. ఆటోలో సీటు ఉన్నా లేదంటారు. ఆ ఇంటితో మాట్లాడినవాళ్లకు జుర్మానా కాబట్టి, తోడబుట్టిన అక్క కూడా చీకటి పడ్డాక ఫోన్‌లోనే పలకరిస్తుంది. పొలం పోయినా మళ్లీ కొనుక్కోవచ్చునేమో, తనను చూసి నాలుగిళ్ల తలుపులు మూసుకోవడాన్ని ఇంటి పిల్లవాడికి ఎట్లా వివరిస్తారు? కొన్నాళ్లకు ఆ కుటుంబ పెద్ద కమిటీ ముందుకు వచ్చి జుర్మానా కడతాడు, క్షమించమని రాసి సంతకం పెడతాడు. ఊరు దాన్నీ రాజీ అనే పిలుస్తుంది. ఆ ఊరి మీద పోలీసు రికార్డు తెరిచి చూస్తే కేసులు లేని ప్రశాంతమైన గ్రామం అని కనిపిస్తుంది.

బహిష్కరణకు గురైనవాళ్లు దళితులో గిరిజనులో అయితే, 2015లో సవరించిన అట్రాసిటీ చట్టం దాన్ని స్పష్టంగా నేరంగా పరిగణిస్తుంది. బాధితులు గౌడులో, రజకులో, మరో వెనుకబడిన కులం వారో అయితే తెలంగాణలో అందుకోసమే చేసిన చట్టం లేదు. బెదిరింపు, అక్రమ నిర్బంధం వంటి సాధారణ సెక్షన్ల కింద కేసు కట్టవలసి వస్తుంది. పలకరించకపోవడం ఏ సెక్షన్‌లోకి వస్తుందని స్టేషన్లో అడిగితే బాధితుడి దగ్గర జవాబు ఉండదు. మహారాష్ట్ర 2016లో సాంఘిక బహిష్కరణకు వ్యతిరేకంగా ప్రత్యేక చట్టం చేసి, అది ఏ కులం, ఏ సమూహం విధించినా శిక్షార్హమని ప్రకటించింది. గోదావరికి అవతల ఉన్న ఆ రక్షణ ఇవతలి ఒడ్డున లేకపోవడానికి నాకు ఒక్క సమంజసమైన కారణం కూడా తోచదు. కమిటీల చేతిలో గంపగుత్త ఓట్లు ఉంటాయన్నది కారణం కావచ్చు గానీ అది సమంజసమైనది కాదు.

సంప్రదాయ పంచాయితీలన్నీ ఇలాగే ఉంటాయని తీర్మానించడం తప్పు. ఆదిలాబాద్ గోండుల సంప్రదాయ పంచాయితీలైన రాయి సెంటర్లలో సార్‌మేడీలనే తెగ పెద్దలు, గ్రామ పటేళ్లు కూర్చుని పెళ్లి తగాదాల నుంచి భూమి తగాదాల దాకా తీర్చే పద్ధతికి నేటికీ గౌరవం ఉంది. 1940లో జోడేఘాట్‌లో కుమురం భీం నేలకొరిగిన తరువాత, ఆ తిరుగుబాటు ఎందుకు వచ్చిందో అర్థం చేసుకోవడానికి నిజాం ప్రభుత్వం మానవశాస్త్రవేత్త హైమన్‌డార్ఫ్‌ను పంపింది. కేస్లాపూర్ నాగోబా జాతరలో దర్బారు పెట్టి అధికారులే జనం దగ్గరికి వచ్చి ఫిర్యాదులు వినాలన్న ఆనవాయితీ ఆ దశాబ్దంలోనే మొదలైంది. ప్రాణాలు పోయాక కలిగిన వివేకమే అయినా వివేకమే. అయితే రాయి సెంటరు బలం ఒక తెగ లోపలి నమ్మకం మీద నిలబడింది. 1976లో లంబాడాలు షెడ్యూల్డ్ తెగల జాబితాలో చేరినప్పటి నుంచి రగులుతూ వచ్చిన ఆదివాసీ, లంబాడా వివాదం 2017 చివర్లో ఉట్నూరు ప్రాంతంలో ఘర్షణగా మారినప్పుడు, ఇరువర్గాలూ తమదని నమ్మి కూర్చోగల ఉమ్మడి గద్దె ఒక్కటీ లేకపోయింది. లోపలి తగాదాకు ఎంతో నేర్పు సంపాదించిన సమాజాలు పక్కవాడితో తగాదాకు సిద్ధంగా లేవు. ఈ ఖాళీని పోలీసు పికెట్లు నింపలేవు.

తగాదాలను పుట్టించడంలో ప్రభుత్వం పాత్ర గురించి మనం తక్కువ మాట్లాడుతాం. తెలంగాణ పల్లెల్లో భూమి చేతులు మారింది చాలావరకు సాదాబైనామాల మీదే. తెల్లకాగితం, రెండు వేలిముద్రలు, నలుగురు సాక్షులు. ఆ సాక్షులు బతికి ఉన్నంతకాలం కాగితానికి బలం ఉంది. వాళ్లు పోయారు, భూమి ధర పెరిగింది, అమ్మినవాళ్ల మనుమలకు పాత పహాణీ అనే రెవెన్యూ రికార్డులో తాత పేరు కనిపించింది. సరిగ్గా ఆ సమయంలో 2020 నాటి కొత్త చట్టం రెవెన్యూ కోర్టులను తీసేసి, ధరణి అనే ఆన్‌లైన్ భూరికార్డులో తప్పు పడితే సివిల్ కోర్టుకు పొమ్మంది. రెండెకరాల రైతుకు సివిల్ కోర్టు అంటే హనుమకొండకు ఏళ్ల తరబడి బస్సు చార్జీలు. వెళ్లలేనివాడు మళ్లీ వేపచెట్టు కిందికే వచ్చాడు. 2025లో వచ్చిన భూభారతి చట్టం మండల, డివిజన్ స్థాయిలో విచారణకు, అప్పీలుకు మళ్లీ చోటిచ్చింది. ఇది జరగవలసిన పనే. ఆ విచారణలు పొలం దగ్గర, గెట్టు మీద నిలబడి జరిగితేనే ఫలితం ఉంటుంది, కంప్యూటర్ తెర ముందు జరిగితే ఉండదు.

లోక్ అదాలత్‌ల సంగతి క్లుప్తంగా చెప్పవచ్చు. కోర్టు ఫీజు తిరిగి వస్తుంది, అక్కడ ఇచ్చే అవార్డుకు, అంటే తీర్పుకు, కోర్టు డిక్రీ విలువ ఉంటుంది, దాని మీద అప్పీలు ఉండదు. చెక్ బౌన్సులకు, బ్యాంకు బకాయిలకు, ప్రమాద పరిహారాలకు అది సరిపోతుంది. రోజూ ఒకే బావి గట్టున ఎదురుపడే రెండు కుటుంబాలకు ఒక్క పూటలో ముగిసే బెంచీ సరిపోదు. 2023లో పార్లమెంటు చేసిన మధ్యవర్తిత్వ చట్టంలో సామాజిక మధ్యవర్తిత్వానికి ఒక అధ్యాయం ఉంది. ఇరుపక్షాలూ ముందే సమ్మతించాలి, ముగ్గురు మధ్యవర్తులు కూర్చోవాలి, మధ్యవర్తుల జాబితాలో మహిళలకు చోటుండాలి, కుదిరిన ఒప్పందాన్ని కోర్టు డిక్రీలాగా అమలు చేయించడం కుదరదు. ఈ చివరి అంశాన్ని నాకు తెలిసిన న్యాయవాదులు లోపంగా చూస్తారు. నా దృష్టిలో అదే దాని ప్రాణం. అమలు చేయించే బలవంతం లేనప్పుడు మధ్యవర్తి ఇద్దరినీ నిజంగా ఒప్పించవలసి ఉంటుంది, ఒప్పుకోనివాడికి కోర్టు తలుపు తెరిచే ఉంటుంది. డిపాజిట్ పెట్టించుకునే పెద్దమనుషుల గద్దెకూ దీనికీ ఉన్న తేడా అంతా ఇక్కడే ఉంది.

మహిళల ప్రస్తావన చట్టంలో ఉన్నంత తేలికగా ఊళ్లో సాధ్యం కాదు. ఆలుమగల పంచాయితిలో ఆమె తరఫున అన్నదమ్ములు మాట్లాడుతారు, మేనమామ మాట్లాడుతాడు, ఆమె గోడకు ఆనుకుని నిలబడుతుంది. ‘ఇద్దరు పిల్లలాయె, సర్దుకపో బిడ్డా’ అన్న మాటతో ముగిసే పంచాయితీలు నేను లెక్కపెట్టలేనన్ని విన్నాను. ఆ మాట అన్నవాళ్లలో చెడ్డవాళ్లు తక్కువ. ఆమె కాదంటే ఎక్కడికి పోతుందన్న ప్రశ్నకు వాళ్ల దగ్గర జవాబు లేకపోవడం వల్ల అలా అంటారు. మహిళలకు ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచిత న్యాయ సహాయం అందుతుందన్న సంగతి ఆ గోడ దాకా చేరి ఉంటే, సర్దుకోవడమో సర్దుకోకపోవడమో ఆమె నిర్ణయంగా ఉండేది. పొదుపు సంఘాల్లో వేల రూపాయల అప్పుల లెక్కలు పొల్లుపోకుండా చూస్తున్న ఆడవాళ్లు ప్రతి ఊళ్లో ఉన్నారు. మధ్యవర్తుల జాబితా రాసేటప్పుడు వాళ్ల పేర్లతో మొదలుపెట్టాలని నేను పట్టుబడతాను.

మొన్నటి దసరాకు ఆ పరకాల వైపు ఊరికి మళ్లీ వెళ్లాను. అన్నదమ్ములిద్దరూ జమ్మి చెట్టు దగ్గర కలిశారు. తమ్ముడు జమ్మి ఆకు అన్న చేతిలో పెట్టి కాళ్లకు మొక్కాడు, అన్న లేపి అలాయ్ బలాయ్ ఇచ్చాడు. బాట మాట ఎవరూ ఎత్తలేదు. ఇంటికి వచ్చాక తమ్ముడు తలుపు దగ్గరగా వేసి, దేవుడి పటం వెనుక నుంచి ఒక ప్లాస్టిక్ కవరు తీసి నాకు చూపించాడు. భూమి కొలిపించమని మండల ఆఫీసులో పెట్టుకున్న దరఖాస్తు రసీదు అది. పెద్దమనుషులకు తెలిస్తే తమను కాదని పోయాడని అంటారేమోనని నెల రోజులుగా భార్యకు తప్ప ఎవరికీ చెప్పలేదట.