42 మంది న్యాయమూర్తులు, ఒక పేడపురుగు

పిరమిడ్లను చూసి నోరెళ్ళబెట్టే అలవాటు మనం ఇకనైనా మానుకోవాలి. ఖుఫూ రాజు కోసం ఇరవై లక్షలకు పైగా రాళ్ళు పేర్చారు, 146 మీటర్ల ఎత్తు లేపారు, సరే. డబ్బూ జనమూ చేతిలో ఉంటే రాళ్ళు ఎవరైనా పేరుస్తారు. ప్రాచీన ఈజిప్టు వాళ్ళ అసలు ఘనత కాగితాల పనిలో ఉంది. దేవుళ్ళ కోర్టులో కేసు ఓడిపోకుండా బయటపడే మార్గం కనిపెట్టి, దాన్ని చచ్చినవాడి పక్కన పెట్టి మరీ సాగనంపిన ఘనులు వాళ్ళు. ఇందుకు వాళ్ళకు దక్కాల్సిన పేరు దక్కలేదన్నదే నా బాధ.

ముందు రూల్స్ చూద్దాం. అవి నిజంగానే కఠినం. పోయినవాడు మృతుల దేవుడు ఒసిరిస్ ఎదుట హాజరు కావాలి. త్రాసులో ఒక పక్క వాడి గుండె, మరో పక్క సత్యదేవత మాత్ ఈక. నక్కతల అనూబిస్ తూకం చూస్తాడు, పక్షితల థోత్ రాసుకుంటాడు. మన చిత్రగుప్తుడి దగ్గర చిట్టా ఉంది గానీ కాటా లేదు, గమనించాలి. గుండె ఈక కన్నా బరువు తూగిందంటే, మొసలి మూతి, సింహం జూలు, నీటిగుర్రం వెనక భాగం కలిసిన అమ్మిత్ పక్కనే కాచుకుని ఉంటుంది. నమిలి మింగేస్తుంది. అప్పీలు లేదు.

పైగా 42 మంది న్యాయమూర్తులు. వాళ్ళలో ఒకడి పేరు ఎముకలు విరిచేవాడు, ఇంకొకడి పేరు నెత్తురు తాగేవాడు. ఒక్కొక్కరినీ పేరు పెట్టి పిలిచి, ఒక్కో పాపం చేయలేదని చెప్పాలి. దొంగతనం చేయలేదు, తూకంలో మోసం చేయలేదు, పారే నీళ్ళకు అడ్డుకట్ట వేయలేదు, చాటుగా విని మోయలేదు, అదేపనిగా వాగలేదు. "అయ్యా, ఆ ఒక్కటీ చేశాను" అని రాసుకోవడానికి మాత్రం అందులో ఎక్కడా జాగా లేదు.

42 పేర్లు, 42 జవాబులు ఎవడికి గుర్తుంటాయి? అందుకే ఈ జవాబులన్నీ రాసిన 'మృతుల గ్రంథం', పపైరస్ అనే రెల్లు కాగితం చుట్టలుగా, రెడీమేడ్‌గా దొరికేది. పేరు దగ్గర ఖాళీ వదిలి ముందే రాసి ఉంచేవాళ్ళు. కొన్నవాడి పేరు తర్వాత నింపేవాళ్ళు. క్రీ.పూ. 1250 ప్రాంతంలో అనీ అనే ఉద్యోగి చేయించుకున్న చుట్ట దాదాపు 24 మీటర్లు. అందులోనూ చాలా భాగం ఇలా తయారైందే. తూకం సరిపోయినట్టు, అనీ నిర్దోషి అన్నట్టు తీర్పుతో సహా బొమ్మ గీసేసి ఉంది. విచారణ లాంఛనం.

ఒక్క చిక్కు మిగిలింది. మమ్మీ చేసేటప్పుడు మెదడును ముక్కులోంచి లాగి పారేసేవాళ్ళు, అది దేనికీ పనికిరాదని. గుండెను మాత్రం లోపలే ఉంచేవాళ్ళు. అంటే మొత్తం తెలిసిన సాక్షిని వెంటబెట్టుకుని కోర్టుకు వెళ్ళడమే! టెన్షన్ ఉండదా మరి. అందుకని పచ్చరాతితో పేడపురుగు చెక్కి, దాని మీద ఇలా రాసి గుండె మీద పెట్టేవాళ్ళు: ఓ నా హృదయమా, నా మీద సాక్ష్యానికి లేవకు, త్రాసు పట్టేవాడి ముందు నాకు ఎదురు తిరగకు. సాక్షిని మేనేజ్ చేయడానికి ఇంత మర్యాదైన మాట నేను ఇంకెక్కడా చదవలేదు. సొబెకెంసాఫ్ అనే ఫరో పేరున్న అలాంటి పురుగు, మనిషి ముఖంతో, బంగారు పీఠంతో, ఇప్పుడు బ్రిటిష్ మ్యూజియంలో ఉంది. ఆ పేరు గుర్తుంచుకోండి.

కోర్టు దాటాక స్వర్గం. అక్కడా పొలం పనులున్నాయి. కాలువలకు నీళ్ళు పెట్టాలి, ఇసుక తోలాలి. బతికినన్నాళ్ళూ మట్టి ముట్టని పెద్దమనుషులు చచ్చాక పలుగు పడతారా? బదులుగా ఉషబ్తీ బొమ్మలు పెట్టుకునేవాళ్ళు. పనికి పిలుపొస్తే "ఇదిగో వచ్చా" అని బొమ్మ లేస్తుంది. తుతన్‌ఖామున్ సమాధిలో 413 బొమ్మలు దొరికాయి: రోజుకొకటి చొప్పున 365 మంది కూలీలు, పదిమందికొక మేస్త్రీ లెక్కన 36 మంది, వాళ్ళందరి మీద నెలకొకరు చొప్పున 12 మంది పర్యవేక్షకులు. మట్టిబొమ్మ కూడా పైవాడు లేకపోతే పని చేయదని వాళ్ళకు తెలుసు.

దేవుళ్ళ దగ్గరే ఇంత ఏర్పాటుంటే భక్తుల దగ్గర ఊరుకుంటారా? మొక్కు తీర్చుకోవడానికి కొని సమర్పించిన జంతువుల మమ్మీలను మాంచెస్టర్‌లో స్కాన్ చేస్తే, సుమారు మూడో వంతులో జంతువన్నదే లేదు. గుడ్డల మధ్య బురద, రెల్లు. చుట్టిన కట్టు మాత్రం అద్భుతం!

ఇక సొబెకెంసాఫ్. ఆ పేరుగల రాజు సమాధిని దొంగలు తొలిచారు. తొమ్మిదో రామ్సెస్ అనే ఫరో పాలనలో 16వ ఏట విచారణ జరిగింది. అమెన్‌పనుఫెర్ అనే రాతిపనివాడి వాంగ్మూలం పపైరస్ మీద ఇప్పటికీ ఉంది. రాజుగారి ఒంటిమీది బంగారం ఒలిచి, శవపేటికలు తగలబెట్టి, 160 డెబెన్ల బంగారాన్ని ఎనిమిది వాటాలు వేసుకున్నారు. తలా 20, అంటే దాదాపు 1.8 కిలోలు. కొన్నాళ్ళకు ఇతన్ని పట్టుకుని లోపల వేశారు. తన 20 డెబెన్లూ తీసుకెళ్ళి అక్కడి లేఖకుడి చేతిలో పెట్టాడు. వదిలేశాడు. ఇతను తిరిగి వెళ్ళి ముఠాను కలిస్తే, పాపం నష్టపోయాడని వాళ్ళు మళ్ళీ ఒక వాటా ఇచ్చారట. ఆ తర్వాత అందరూ కలిసి మళ్ళీ సమాధుల పనిలోకి దిగారు.