రహీం సాబ్ కథ చెప్పడానికి ఢిల్లీ మాస్టారు కావాల్సి వచ్చింది

నోవీ కపాడియా ఢిల్లీ ఖల్సా కాలేజీలో ఇంగ్లీషు పాఠాలు చెప్పిన మాస్టారు. క్లాసు అయ్యాక ఆయన లోకమంతా ఫుట్‌బాలే. తొమ్మిది ప్రపంచకప్‌లు కవర్ చేశారు, టీవీలో కామెంటరీ చెప్పారు, 2017లో 'బేర్‌ఫుట్ టు బూట్స్' రాశారు. ఇదంతా ఫుట్‌బాల్ చూసేవాళ్లకు తెలిసిందే. నాకు ఆయన ముఖ్యం కావడానికి కారణం వేరు. మన హైదరాబాద్ ఫుట్‌బాల్‌ను మనకంటే ఎక్కువగా పట్టించుకున్న మనిషి ఆయన.

హైదరాబాద్ సిటీ పోలీస్ జట్టు 1950 నుంచి 1954 వరకు వరసగా ఐదేళ్లు బొంబాయిలో జరిగే పేరున్న టోర్నీ రోవర్స్ కప్ కొట్టింది. ఆ జట్టును తయారు చేసిన కోచ్ సయ్యద్ అబ్దుల్ రహీం చేతుల మీదుగానే 1951లో, 1962లో దేశానికి ఆసియా క్రీడల బంగారు పతకాలు వచ్చాయి, మధ్యలో 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో నాలుగో స్థానం. 1962 ఆసియా క్రీడల జకార్తా ఫైనల్ నాటికి ఆయనకు ఊపిరితిత్తుల క్యాన్సర్. తలకు కుట్లు పడిన డిఫెండర్ జర్నైల్ సింగ్‌ను ఫార్వర్డ్‌గా ఆడిస్తే అతనూ ఒక గోల్ కొట్టాడు, దక్షిణ కొరియా మీద 2-1తో గెలిచాం. మరుసటి జూన్‌లో రహీం సాబ్ పోయారు.

ఇవి పుస్తకాల్లో ఉన్నాయి. నా బాధ పుస్తకంలో పట్టని వాటి గురించి. తులసీదాస్ బలరాం మన సికింద్రాబాద్ అమ్ముగూడ కుర్రాడు. ప్రాక్టీసుకు రావడానికి బస్సు డబ్బుల్లేవంటే రహీం సాబ్ అద్దె సైకిల్‌కు చేతిలో డబ్బులు పెట్టారు, ఆ కుర్రాడు తర్వాత రెండు ఒలింపిక్స్ ఆడాడు. ఆ సైకిల్ ఏ కొట్లో తీసుకునేవాడు, ఏ దారిన వచ్చేవాడు, ఎండాకాలంలో ఎక్కడ ఆగి నీళ్లు తాగేవాడు? ఇలాంటివి తెలియాలంటే ఆ మనిషినే అదే దారిలో నడిపిస్తూ, పక్కన కెమెరా పెట్టుకుని అడగాలి. తెలుగులో ఆ పని చేసిన నిండైన డాక్యుమెంటరీ ఒక్కటీ నేను చూడలేదు.

"ఫుట్‌బాల్ ఎవరు చూస్తారండీ, యూట్యూబ్‌లో ఇంటర్వ్యూలు ఉన్నాయిగా" అంటారు. ఉన్నాయి, కాదనను. కానీ 2024లో ఆయన మీద అజయ్ దేవగణ్ హిందీ సినిమా 'మైదాన్' వచ్చాకే రహీం సాబ్ మన ఊరాయనని తెలిసినవాళ్లు నా స్నేహితుల్లోనే ఉన్నారు, అందులో ఇద్దరు ఎల్బీ స్టేడియం పక్కనే పెరిగారు!

ఒక్క ఫుట్‌బాలే కాదు. మన పాత తరం ఆటగాళ్లు, నాటకాలవాళ్లు, మిల్లు కార్మికులు, ఎవరి సంగతైనా ఇంతే. వేరే ఊరివాళ్లు వేరే భాషలో రాస్తే చదువుకుంటాం, లేకపోతే లేదు. మన ఛానళ్లకు పొద్దస్తమానం రాజకీయ చర్చలకు టైముంది, ఎనభై ఏళ్ల మనిషి ఎదురుగా గంటసేపు కూర్చోవడానికి లేదు.

2021 ఆగస్టులో రహీం సాబ్ కొడుకు, ఒలింపియన్ హకీం పోయారు. అదే ఏడాది నవంబర్‌లో కపాడియా. 2023 ఫిబ్రవరిలో బలరాం, అదీ బెంగాల్‌లో. జర్నలిజం కాలేజీల్లో ఈ ఏడాది ప్రాజెక్టులు చేసే పిల్లలకు నేను చెప్పేది ఒకటే: మీ బస్తీలో పాత ఆటగాళ్లు ఎవరున్నారో కనుక్కోండి, ఫోన్ స్టాండ్ మీద పెట్టండి, మొదటి ప్రశ్నగా పతకాల గురించి అడక్కండి. ఇంట్లోంచి గ్రౌండ్‌కు ఎలా వెళ్లేవారో అడగండి.