అది ఏఐ కాదు బాబాయ్, ఆయన పేరు యూగో సాకో

పొద్దున్నే మా ఫ్యామిలీ గ్రూపులో ఒక వీడియో పడింది. రాముడు విల్లు ఎక్కుపెట్టే బిట్, అర నిమిషం ఉంటుంది. కింద మా బాబాయి రాత: "మన కుర్రాళ్లు ఏఐతో చేసిన రామాయణం, అందరికీ పంపండి." వరసగా పదకొండు దండాలు. నాకు టిఫిన్ సయించలేదు.

ఏఐ ఏంటండీ! అది 'రామాయణ: ది లెజెండ్ ఆఫ్ ప్రిన్స్ రామ' అనే యానిమేషన్ సినిమా, దానికి ముప్ఫై ఏళ్లు దాటాయి. 450 మంది ఆర్టిస్టులు కూర్చుని చేత్తో గీసిన బొమ్మలవి. గీయించినాయన యూగో సాకో, జపాన్‌లో టీవీ డాక్యుమెంటరీలు తీసే మనిషి. 1983లో అలహాబాద్ దగ్గర పురావస్తు శాస్త్రవేత్త బి.బి. లాల్ గారి తవ్వకాల మీద డాక్యుమెంటరీకని వచ్చి రామకథకి పడిపోయాడు. జపనీస్‌లో దొరికిన రామాయణాలు పది చదివాడు. మనలో ఒక్కటైనా ఆసాంతం చదివినవాళ్లు ఎంతమంది?

మరి మనవాళ్లేం చేశారు? ఆ డాక్యుమెంటరీ వార్త పేపర్లో చూసి, అపార్థం చేసుకుని, విశ్వ హిందూ పరిషత్ జపాన్ ఎంబసీకి ఉత్తరం రాసింది. రామాయణం మా దేశ సంపద, పరాయివాళ్లు ఇష్టమొచ్చినట్టు సినిమా తీయకూడదని. ఆ గొడవ సర్దుకుంటే, రామాయణాన్ని బొమ్మల సినిమాగా కలిసి తీద్దామని సాకో అన్న మాటకి మన ప్రభుత్వం అడ్డం తిరిగింది. సున్నితమైన విషయమట, కార్టూన్‌గా చూపించకూడదట.

కార్టూన్! ఈ మాట దగ్గరే నా కడుపు మండుతుంది. బాపు గారి రాముణ్ణి ఫ్రేము కట్టించి గోడకి పెట్టుకునే ఇళ్లు మనవి. ఆ బొమ్మ కదిలితే మాత్రం చిన్నచూపా?

సాకో గారు ఆగలేదు. జపాన్‌లోనే కంపెనీ పెట్టి 1990లో పని మొదలెట్టారు. ఆయనతో పాటు కోయిచి ససాకి, మన యానిమేటర్ రామ్ మోహన్ గారు దర్శకులు. పంచె ఎలా కట్టాలో, పిల్లలు పెద్దల దగ్గర ఆశీర్వాదం ఎలా తీసుకుంటారో మన యానిమేటర్లు చూపిస్తుంటే జపాన్ వాళ్లు నేర్చుకుని గీశారు. తీరా సినిమా పూర్తయ్యేసరికి ఇక్కడ అయోధ్య గొడవలు. 1993లో ఢిల్లీ ఫిలిం ఫెస్టివల్‌లో వేశారు, థియేటర్లకి మాత్రం సరిగ్గా రానేలేదు.

నేను చూసింది కార్టూన్ నెట్‌వర్క్‌లో, తొమ్మిదో క్లాసులో. యాడ్స్ వచ్చినప్పుడల్లా హనుమంతుణ్ణి గుర్తు తెచ్చుకుని నోట్‌బుక్కులో గీసుకున్నాను. ఆ నోట్‌బుక్కు చూసి "బొమ్మలేసేవాడు బోర్డులు రాసుకు బతుకుతాడు అన్నయ్యా" అని మా నాన్నకి చెప్పింది ఎవరనుకున్నారు? ఈ బాబాయే. నన్ను రెసిడెన్షియల్ కాలేజీలో పడేశారు. సెలవులకి వచ్చేసరికి నా బొమ్మలన్నీ పాత పేపర్లవాడికి వెళ్లిపోయాయి. కిలోల లెక్కన.

ఇవాళ అదే మనిషి ఆ బొమ్మలకి దండం పెడుతున్నాడు. గీసింది మనుషులంటే విలువ లేదు, మెషీన్ అనుకుంటే గర్వం!

2025 జనవరి 24న 4కేలో, తెలుగులో కూడా, సినిమా థియేటర్లకి వచ్చింది. ఆ విడుదలలో మన విజయేంద్రప్రసాద్ గారి చెయ్యి కూడా ఉంది. చూడ్డానికి సాకో గారు లేరు, 2012లోనే పోయారు.

గ్రూపులో ఇదంతా రాశాను. బాబాయి జవాబు: "ఎవరు తీస్తే ఏంట్రా, రాముడే కదా."

కాదు బాబాయ్. ఆ వీడియో తీసెయ్, లేదా కింద ఆయన పేరు రాయి. యూగో సాకో. రాయడం రాకపోతే ఇక్కణ్ణించి కాపీ చేసుకో.