స్క్రిప్టు ఏ భాషలో రాశారు?

ఆదివాసీ పాత్ర తెర మీదికి రాగానే మనవాళ్లు మేకప్ గురించి, యాస గురించి కొట్లాడుకుంటారు. నన్నడిగితే ఆ గొడవేదో స్క్రిప్టు కాగితం దగ్గరే పడాలి.

సినిమా రచయిత పాల్ అపాక్ అంగిలిర్క్‌నే చూడండి. కెనడా ఉత్తర కొసన, మంచు సీమ ఆదివాసులైన ఇన్యుయిట్‌లు ఉండే ఇగ్లూలిక్ అనే ఊరాయనది. టీవీలో తమ భాష వినబడదని 1980ల దాకా టీవీనే రానివ్వని ఊరది! అతనార్జువాత్ అనే పరుగు వీరుడి కథ అక్కడ పిల్లలకూ తెలుసు. అయినా అపాక్ తనకు తెలిసిందే రాసేయలేదు. ఎనిమిది మంది పెద్దలు చెప్పింది రికార్డు చేసి, కలిపి, తమ భాష ఇనుక్టిటుట్‌లో స్క్రిప్టు అల్లారు. డబ్బులిచ్చేవాళ్లు చదవాలి కాబట్టి పక్కనే ఇంగ్లిష్ ప్రతి.

ఫలితం 'అతనార్జువాత్' సినిమాగా తెర మీద ఉంది. పడుకున్న అన్నదమ్ముల మీద గుడారం కూల్చి, పైనుంచే ఈటెలతో పొడుస్తారు. అన్న పోతాడు. తమ్ముడు అతనార్జువాత్ ఒంటి మీద నూలుపోగు లేకుండా సముద్రపు మంచు మీద పరుగందుకుంటాడు, అడుగడుగునా నెత్తురు. ఆ మంచేమిటో, ఆ ఆచారమేమిటో మనకు విడమరిచే పాత్ర ఒక్కటీ లేదు. రాసినాయన మనసులో ఉన్న ప్రేక్షకుడు ఇగ్లూలిక్ వాడే మరి. పాత కథ పగ తీర్చుకోవడంతో ముగుస్తుంది. సినిమా మాత్రం దోషులను వెలివేసి ఊరుకుంటుంది. ఇంటివాళ్లు కాబట్టే అంత ధైర్యంగా మార్చగలిగారు. అదే పని బయటివాడు చేస్తే వక్రీకరణ అనేవాళ్లం. 2001లో కాన్స్ చిత్రోత్సవంలో ఆ సినిమాకు కెమెరా డోర్ వచ్చింది, దర్శకుల తొలి సినిమాలకిచ్చే బహుమతి అది. అపాక్ అప్పటికే లేరు, 1998లోనే పోయారు.

కథకు తెగేమిటి, ఎవరైనా రాయొచ్చు, ఆ భాషలో తీస్తే చూసేదెవరు అంటారు. రాయండి, కాదనను. కానీ ఇనుక్టిటుట్ మాట్లాడేవాళ్లు అరలక్ష కూడా లేరు. 2011 లెక్కల్లో మన గోండీ వాళ్లు దాదాపు 30 లక్షలు. అయినా 2022లో ప్రపంచమంతా చూసిన మన సినిమాలో గోండు వీరుడి పేరు పెట్టుకున్న పాత్ర తెలుగులోనే పాడింది.

అదే ఏడు కోయల డోలి అనే డోలు వాయించే కళాకారుడు సకిని రామచంద్రయ్యకు పద్మశ్రీ ఇచ్చాం. సమ్మక్క, సారలమ్మల కథ నోటికి పాడినాయన. అలాంటివాళ్లను స్టోరీ సిట్టింగుకు పిలిచి, అడ్వాన్సు చేతిలో పెట్టి, టైటిల్ కార్డులో 'కథ' అని పేరు వేసిన సంగతి నేనైతే వినలేదు. పిలిస్తే గిలిస్తే షూటింగు రోజే పిలుస్తారు, డోలు పట్టుకుని గుంపులో నిలబడ్డానికి. సాయంత్రానికి బత్తా ఇచ్చి పంపేస్తారు.