మ్యాక్స్ పేన్ 4 వస్తుందో రాదో తేల్చండి బాబూ

మ్యాక్స్ పేన్ 3 అనే వీడియో గేమ్ వచ్చింది 2012లో. అప్పట్లో గాజువాక ఇంటర్నెట్ సెంటర్లలో గంటకింత అని డబ్బులిచ్చి గేములాడిన కుర్రాళ్ల పిల్లలు ఇప్పుడు బడికెళ్తున్నారు, నాలుగో భాగం మాత్రం ఊసే లేదు. పోనీ ఆపేశాం అని ఒక్క మాట చెప్పొచ్చుగా, అదీ చెప్పరు. మొదటిది 2001, రెండోది 2003, ఆ తర్వాత తొమ్మిదేళ్లు నానబెట్టి మూడోది వదిలారు కాబట్టి ఇదీ ఎప్పుడో ఊడిపడుతుందని ఆశ. ఆ ఆశే చంపుతోంది.

2022 ఏప్రిల్‌లో మొదటి రెండింటినీ కలిపి ఒకే గేముగా మళ్లీ చేస్తున్నాం అన్నారు. సంతోషమే, కానీ అది నిన్నటి కూర వేడిచేసి వడ్డించడమే కదా, కథ ముందుకెళ్లదు. పైగా గేములో హీరో మ్యాక్స్‌కి గొంతిచ్చిన జేమ్స్ మెకాఫ్రీ 2023 డిసెంబర్‌లో పోయారు. ఆ బొంగురు గొంతు లేకుండా మ్యాక్స్ ఎంత స్లో మోషన్‌లో గాల్లోకి దూకితే మాత్రం ఏం లాభం?

అసలు చిరాకు మా బావమరిదితో. "బావా, ట్రైలర్ వచ్చేసింది!" అని మెసేజ్. ఆర్టీసీ కాంప్లెక్స్ దగ్గర కిక్కిరిసిన బస్సులో ఒక చేత్తో కడ్డీ పట్టుకుని, ఇంకో చేత్తో తెరిచి చూద్దును కదా, మూడో భాగంలో మ్యాక్స్ గుండుతో కనిపించే సీన్లే అటూ ఇటూ కోసి అతికించారు, పైన కంప్యూటర్ గొంతు, కింద ఎక్కడో చిన్న అక్షరాల్లో 'అభిమానుల ఊహ' అని. డేటా నాది, టెన్షన్ నాది. ఫోన్ చేసి తిడితే, "ఏమో బావా, ఈసారి నిజమేమో అనుకున్నా" అంటాడు!