కౌలు కార్డు మీద మన సంతకం

అమెరికాలో మనవాళ్ళు నలుగురు కలిసిన చోట పొలం మాట వస్తే చాలు, ఎకరం ఎంత పలుకుతోంది, బైపాస్ ఎటు నుంచి పోతోంది, పాస్‌బుక్‌లో పేరు ఎక్కిందా లేదా, ఇవే మాటలు. ఆ పొలం ఎవరు చేస్తున్నారు అని మాత్రం ఎవరూ అడగరు, నేనూ చాలా ఏళ్ళు అడగలేదు.

మా మాగాణి అమ్మ పేరు మీద ఉంది. కౌలుకి చేసే ఆయన్ని చిన్నప్పట్నించీ బాబాయ్ అనే పిలుస్తాను. ఒక ఏడు సరిగ్గా కోతల టైంలో తుఫాను పట్టుకుంది, వాట్సాప్‌లో ఫోటో పంపాడు, చేనంతా నీళ్ళలో చాప పరిచినట్టు పడిపోయుంది, ఒక కంకి చేత్తో పైకెత్తి పట్టుకుని చూపించాడు, గింజ గింజకీ తెల్లగా మొలక. "కంకి మీదే మొలకొచ్చేసింది బాబూ" అన్నాడు, ఇంకేం అనలేదు. కొన్ని నెలలకి నష్టపరిహారం పడింది, ఎవరి అకౌంట్లో అంటే మా అమ్మ అకౌంట్లో! పెట్టుబడి ఆయనది, అప్పు ఆయనది, మునిగింది ఆయన పంట, డబ్బులు మాకు. తీసి ఆయనకి ఇచ్చేశాం, అది వేరే సంగతి, కానీ ఇవ్వకపోతే అడగడానికి ఆయన చేతిలో ఒక్క కాగితం ముక్క లేదు, అదీ నన్ను తొలిచేసింది.

భూసంస్కరణలు అనగానే మనకి గుర్తొచ్చేది సీలింగ్. పీవీ నరసింహారావు ముఖ్యమంత్రిగా ఉన్నప్పుడు తెచ్చిన 1973 చట్టం, 1975 జనవరి 1 నుంచి అమల్లోకొచ్చింది, అయిదుగురు ఉన్న కుటుంబానికి నేలని బట్టి మాగాణైతే 10 నుంచి 27 ఎకరాలు, మెట్టైతే 35 నుంచి 54 ఎకరాలు దాటకూడదు అని. దాన్ని తప్పించుకోడానికి బినామీలు, కాగితాల మీద విడాకులు, ఈ కథలు మన పెద్దవాళ్ళకి బాగా తెలుసు. అంతకు ముందు 1951 ఏప్రిల్‌లో పోచంపల్లిలో భూమి లేని దళిత కుటుంబాలు వినోబా భావేని 80 ఎకరాలు అడిగితే వెదిరె రామచంద్రారెడ్డి లేచి 100 ఎకరాలు ఇస్తానన్నారు, భూదానోద్యమం అక్కడే పుట్టింది. పంచడం గురించి ఇంత చరిత్ర ఉంది మనకి. అయినా ఇవాళ తెలుగు నేల మీద సాగులో ఎంతో భాగం కౌలుదారుల చేతుల మీదే నడుస్తోంది, రికార్డుల్లో మాత్రం వాళ్ళు లేరు.

ఎందుకు లేరంటే మన భయం వల్ల. 1950 హైదరాబాద్ కౌలు చట్టం, 1956 ఆంధ్రా ప్రాంత కౌలు చట్టం కౌలుదారుకి గట్టి హక్కులిచ్చాయి, కాగితం రాస్తే పొలం పోతుందని అప్పుడు పట్టుకున్న భయం తాత నుంచి తండ్రికి, తండ్రి నుంచి మనకి పొలంతో పాటే వచ్చింది. అందుకే అంతా నోటిమాట, లేకపోతే రెండేళ్ళకోసారి మనిషిని మార్చడం. కానీ ఆంధ్రాలో 2019 పంట సాగుదారు హక్కుల చట్టం సూటిగా చెప్తోంది, ఒప్పందం 11 నెలలకే, హక్కు పంట మీదే, భూమి మీద కాదు. కాకపోతే ఆ హక్కు చూపించే కౌలు కార్డు రావాలంటే ఓనర్ సంతకం కావాలి. చట్టంలో నాకు నచ్చని ముక్క అదే, బక్కవాడి హక్కుని బలమున్నవాడి దయకి వదిలేశారు. తెలంగాణలో ఇంకా కష్టం, 2018లో వచ్చిన రైతుబంధు పెట్టుబడి సాయం పట్టాదారుకే ఇచ్చారు, రైతు బీమా పట్టాదారుకే, 2020లో వచ్చిన భూ రికార్డుల పోర్టల్ ధరణిలో సాగు చేసేవాడి కాలమే లేకపోయింది. అమెరికాలో ఉద్యోగం చేసుకునే మనకి పెట్టుబడి సాయం, ఎండలో నాట్లేయించేవాడికి సున్నా, ఇదెక్కడి న్యాయం?

భూమి పంచకుండా పేరు రాసినా చాలా మారుతుంది. బెంగాల్‌లో 1978లో ఆపరేషన్ బర్గా మొదలెట్టి పంటలో వాటాకి సాగు చేసే దాదాపు 14 లక్షల మంది రైతుల పేర్లు రికార్డుల్లోకి ఎక్కించారు, ఎవరూ నోరు విప్పరని తెలిసి ఆఫీసర్లే సాయంత్రాలు ఊళ్ళోకి వెళ్ళి కూర్చుని వాళ్ళ మధ్యే పేర్లు రాసుకున్నారు. ఓనర్ వచ్చి సంతకం పెడితేనే అంటే ఆ పని అయ్యేదా!

మన సంగతి ఇంకోటి. ఫెమా (విదేశీ మారకద్రవ్య చట్టం) రూల్స్ ప్రకారం ఎన్నారైలు ఇండియాలో వ్యవసాయ భూమి కొనలేరు, వారసత్వంగా రావాలి లేదా అక్కడున్నప్పుడే కొనుక్కుని ఉండాలి. అంటే ఎక్కువమందిమి పెద్దలిచ్చింది ఉంచుకున్నవాళ్ళమే, దాన్ని బీడు పడకుండా కాపాడేది ఆ కౌలు రైతే.

కిందటి జూన్‌లో అమ్మ చేత సంతకం పెట్టించాం. "మీ నాన్న ఉంటే ఒప్పుకునేవారు కాదురా" అంది, అంటూనే పెట్టింది. కార్డు రాగానే బాబాయ్ ఫోటో పంపాడు, ఇరవై రెండేళ్ళుగా చేస్తున్న ఆ పొలానికి సంబంధించి ఆయన పేరున్న మొదటి కాగితం అదే. 11 నెలలే కాబట్టి మళ్ళీ పెట్టాలి, ఈసారి నాట్లకి ముందే పెట్టేస్తున్నాం. ఈ మ్యాగజైన్ చదివేవాళ్ళలో ఆంధ్రాలో పొలం కౌలుకిచ్చినవాళ్ళు ఉంటే ఈ వారమే ఇంటికి ఫోన్ చేసి కార్డు రాయించారా లేదా కనుక్కోండి.