గుణకారం ఆరోగ్యానికి హానికరం

మా తోడల్లుడు గారు లెక్కల మాస్టారుగా చేసి రిటైరయ్యారు. ఆయన బడిని వదిలారు గాని, లెక్కలు ఆయన్ని వదల్లేదు. 2021లో బాచుపల్లిలో మా ఫ్లాటు గృహప్రవేశానికి వచ్చారు. పాలు పొంగాయి, వ్రతం అయింది, బంతి వేశారు. ఆయన విస్తరి ముందు కూర్చుని పులిహోర తింటూ, "తమ్ముడూ, నెలకెంత పడుతోంది?" అన్నారు.

"37,870 అన్నయ్యగారూ."

"ఎన్నాళ్లు?"

"20 ఏళ్లు."

ఆయన కళ్లు మూసుకున్నారు. పంటి కింద వేరుశనగపప్పు ఒకటి పటుక్కుమంది. కళ్లు తెరిచి, "90 లక్షల 88 వేల 800" అన్నారు.

వడ్డించే కుర్రాడు బూరె గాల్లోనే పట్టుకుని నిలబడిపోయాడు. మా ఆవిడ నా వైపు చూసిన చూపులో, మిగతా 40 లక్షలు నేనెక్కడో ఇంకో సంసారానికి పంపిస్తున్నానన్న అనుమానం స్పష్టంగా కనిపించింది. "మనం తీసుకుంది 50 లక్షలేగా?" అంది మెల్లగా.

ఆ రోజు నుంచి లోతుగా ఆలోచించి నేనొక నిర్ణయానికి వచ్చాను. ఇంటి లోన్ ఉన్న కుటుంబాల్లో గుణకారాన్ని చట్టపరంగా నిషేధించాలి. సిగరెట్ పెట్టె మీద వేసినట్టు కాలిక్యులేటర్ మీద ఏదైనా భయంకరమైన బొమ్మ వేయాలి. కూడికలు, తీసివేతలు ఉండొచ్చు, అవి లేకపోతే పాలవాడి లెక్క తేలదు. భాగాహారం అయితే పూజించదగ్గది. మధ్యతరగతికి ఇళ్లు కట్టించింది అదే. 50 లక్షల అప్పు అంటే గుండె ఆగుతుంది. దాన్ని నెలనెలకీ పంచి 37,870 అంటే "ఆ మాత్రం కట్టలేమా" అనిపిస్తుంది. పంచినదాన్ని మళ్లీ 240తో హెచ్చవేసి చూసుకోవడం, ఊడ్చి బయట పోసిన చెత్తను ఇంట్లోకి తెచ్చుకోవడం లాంటిది.

మేం బేరమాడలేదని ఎవరూ అనుకోవద్దు. 65 లక్షల ఫ్లాటుకి బిల్డర్‌తో మూడు ఆదివారాలు బేరమాడాం. చివరికి వంటింటి చిమ్నీ ఉచితంగా సాధించాం. మా ఆవిడ రైతుబజారులో కరివేపాకు ఊరికే వేయించుకునే పట్టుదలతో బాల్కనీకి దోమల తెర కూడా వేయించింది. అన్నిటికీ మించి, తెలంగాణలో రిజిస్ట్రేషన్ చార్జీలు 6 శాతం నుంచి 7.5 శాతానికి పెంచింది 2021 జూలైలో. మేం అంతకు ముందే చేయించుకున్నాం. 97,500 రూపాయలు మిగిలాయని ఆ రాత్రి బిర్యానీ తెప్పించుకున్నాం. వడ్డీ దగ్గర మాత్రం బేరమాడలేదు. అక్కడ ఏసీ ఉంది, ఆఫీసరు టై కట్టుకున్నాడు, సంతకాలు 60 దాకా ఉన్నాయి. అంత గౌరవంగా పిలిచి కాఫీ ఇచ్చిన మనిషితో "వడ్డీ ఓ పావలా తగ్గించండి" అని ఎలా అంటాం? పైగా ఆయన మా క్షేమం కోరి 2 లక్షల ప్రీమియంతో ఇన్సూరెన్స్ కూడా చేయించాడు. "ప్రీమియం లోన్‌లోనే కలిపేస్తాం సార్, మీ చేతి నుంచి పైసా పడదు" అన్నాడు. నిజమే, పడలేదు. ఆ 2 లక్షలు 20 ఏళ్లలో 3 లక్షల 63 వేలవుతాయని తర్వాత తోడల్లుడు గారు చెప్పారు. (చెప్పమని ఎవరూ అడగలేదు.)

మా నాన్న వేరే కాలం మనిషి. వడ్డీని శాతాల్లో చెబితే ఆయనకి ఎక్కదు. "6.7 శాతం" అంటే ఆయనే గొణుక్కుని మార్చుకున్నారు. "అంటే నెలకి నూటికి 56 పైసలా? మన ఊళ్లో రెండు రూపాయల వడ్డీరా! వీళ్లెవరో పుణ్యాత్ములు." ఆ మాటకి నాకు ఛాతీ ఉప్పొంగింది. తర్వాత గడువు అడిగారు. 20 ఏళ్లన్నాను. ఆయన చాలాసేపు మాట్లాడలేదు. "మేం మూడేళ్లకోసారి ప్రామిసరీ నోటు తిరగరాసుకునేవాళ్లం. నోటుకి కాలదోషం పడుతుందేమోనని అప్పిచ్చినవాడికే గుబులు. వీళ్లకి ఆ గుబులే లేదా?" అన్నారు. లేదు నాన్నా, సేల్ డీడ్, లింక్ డాక్యుమెంట్లు అన్నీ వాళ్ల లాకర్లోనే భద్రంగా ఉన్నాయి. మన దగ్గర గుమ్మం మీద పేరున్న ఇత్తడి బోర్డు ఉంది.

అసలు కంటే వడ్డీ ముద్దు అని మా అమ్మ మనవరాలిని ఎత్తుకున్నప్పుడల్లా అంటుంది. ఆ సామెతని అక్షరాలా పాటించేది బ్యాంకులే. మొదటి నెల నేను కట్టిన 37,870లో వడ్డీ 27,917, అసలుకి వెళ్లింది 9,953. ఇది మోసమేమీ కాదు, బాకీ ఎంతుంటే దాని మీద ఆ నెల వడ్డీ ముందు తీసుకుంటారు, మిగిలింది అసలుకి జమ. తొలి ఏళ్లలో బాకీ పెద్దది కాబట్టి వడ్డీ బొద్దుగా ఉంటుంది, అసలు పక్కన సన్నగా నిలబడి ఉంటుంది. బ్యాంకు ఇచ్చే రీపేమెంట్ షెడ్యూల్లో ఇదంతా నెలవారీగా రాసే ఉంటుంది. ఆ కాగితాలు నేను చాలా శ్రద్ధగా బీరువా అరల్లో చీరల కింద పరిచాను.

ఇక్కడ రెపో రేటు గురించి గౌరవంగా రెండు మాటలు. రిజర్వ్ బ్యాంక్ మిగతా బ్యాంకులకి అప్పిచ్చే వడ్డీ రేటు అది. 2019 అక్టోబర్ నుంచి బ్యాంకులు కొత్తగా ఇచ్చే ఫ్లోటింగ్ (అంటే వడ్డీ రేటు మారుతూ ఉండే) ఇంటి లోన్లని రెపో లాంటి బయటి రేటుకి ముడిపెట్టాలని రిజర్వ్ బ్యాంక్ చెప్పింది. 2020 మే నుంచి రెపో 4 శాతం దగ్గర కదలకుండా కూర్చుంది. మేం దాన్ని సొంత మనిషనుకున్నాం. 2022 మేలో అది లేచింది. 2023 ఫిబ్రవరికి 6.5 శాతానికి చేరింది. నా 6.7 శాతం 9.2 అయింది.

అయినా నా ఖాతాలోంచి నెలనెలా వెళ్లేది 37,870 రూపాయలే. ఒక్క రూపాయి పెరగలేదు! పెట్రోలు పెరిగింది, పాల ప్యాకెట్ పెరిగింది, స్కూల్ ఫీజు సంగతి సరేసరి. బ్యాంకు ఒక్కటే మాట మీద నిలబడిందని ఆఫీసులో నలుగురికీ చెప్పాను. అందులో ఒకడు, పాపిష్ఠివాడు, "ఓసారి స్టేట్‌మెంట్ తీసి చూడండి సార్" అన్నాడు.

తీశాను. లెక్క ఇలా ఉంది, రేటు మెట్లు మెట్లుగా పెరిగిన వైనం వదిలేసి ఒకే దెబ్బగా వేస్తే: రెండేళ్లు కట్టాక మిగిలిన బాకీ 47 లక్షల 45 వేలు. కొత్త రేటుకి దాని మీద నెల వడ్డీ 36,380. నేను కడుతున్నది 37,870. అంటే నెలంతా పని చేసి నేను తీరుస్తున్న అసలు 1,490 రూపాయలు. ఈ వేగంతో పోతే అప్పు తీరడానికి ఇంకా 35 ఏళ్లు. ఉండాల్సింది 18. నాకు అప్పటికి 40 నిండాయి. అంటే నా ఆఖరి ఈఎంఐ 75వ ఏట.

బ్యాంకుకి పరుగెత్తాను. పాత ఆఫీసరు బదిలీ అయిపోయాడు, కొత్తాయన కాఫీ ఇవ్వలేదు. స్క్రీన్ చూసి, "మా రూల్స్ ప్రకారం 70 దాటకూడదు సార్" అన్నాడు. నా ఆయుష్షు మీద వాళ్లకో అంచనా ఉందని అప్పుడే తెలిసింది. గడువు 30 ఏళ్ల దగ్గర ఆపి, ఈఎంఐ 38,865 చేశాడు. పెరిగింది 995 రూపాయలు. చెప్పుల షాపు ధరలా ముద్దుగా అనిపించింది, సరేనని సంతకం పెట్టి వచ్చేశాను. ఇంటికొచ్చాక ఆ దుర్మార్గమైన పని నేనే చేశాను. తలుపేసుకుని గుణకారం చేశాను, అప్పటిదాకా కట్టింది కూడా కలిపి. కోటీ 49 లక్షలు! ముందు అనుకున్నదాని కంటే 58 లక్షలు ఎక్కువ. అంటే దాదాపు ఇంకో ఫ్లాటు. దానికి చిమ్నీ కూడా ఇవ్వలేదు.

ఆ 2023 ఆగస్టులోనే రిజర్వ్ బ్యాంక్ ఒక ఉత్తర్వు ఇచ్చింది. రేటు మారినప్పుడు ఈఎంఐ పెంచాలా, గడువు పెంచాలా, రెండూనా అన్నది అప్పు తీసుకున్నవాడిని అడగాలని. చాలా మర్యాదైన ఉత్తర్వు. పెళ్లయ్యాక పిల్ల నచ్చిందా అని అడిగినట్టుంది.

అద్దె కట్టడం బూడిదలో పోసిన పన్నీరు అని నాకు ఉద్బోధించినవాళ్లంతా ఇప్పుడు ఎక్కడున్నారో తెలీదు. మా పై అంతస్తులో సరిగ్గా ఇలాంటి ఫ్లాటులోనే ఒక కుర్ర జంట 22,000 అద్దెకి ఉంటున్నారు. నేను నెలకి 36,380 వడ్డీ కట్టినప్పుడు దాన్ని మాత్రం ఎవరూ అద్దె అనలేదు, పెట్టుబడి అన్నారు. వాళ్ల గీజర్ చెడితే ఓనర్‌కి ఫోన్ చేస్తారు. నా గీజర్ చెడితే బ్యాంకుకి ఫోన్ చేసి చూశాను, పర్సనల్ లోన్ ఇస్తామన్నారు. ఫ్లాటు విలువ పెరిగింది కదా అంటారా? పెరిగింది, కాదనను. దాని మీద పడుకుంటున్నాను కాబట్టి దాన్ని అమ్ముకోలేను. పైగా పక్క ఫ్లాట్లూ పెరిగాయి.

పన్ను మిగులుతుంది కదా అన్నది ఇంకో ఊరట. పాత పద్ధతిలో, మనం ఉంటున్న ఇంటి వడ్డీ మీద ఏడాదికి 2 లక్షల దాకా మినహాయింపు. 30 శాతం శ్లాబులో ఉంటే సెస్సుతో కలిపి మిగిలేది 62,400. ఆ 62,400 కోసం మొదటి ఏడాది వడ్డీ 3 లక్షల 30 వేల దాకా కట్టాను. కొత్త పన్ను పద్ధతిలో అదీ లేదు. మా సీఏ కొత్త పద్ధతే లాభమని తేల్చాడు, కాబట్టి ఇప్పుడు వడ్డీ నిష్కామకర్మగా కడుతున్నాను.

తోడల్లుడు గారి దగ్గర దీనికి ఒక మందు ఉంది. ఏడాదికి ఒక్క ఈఎంఐ అదనంగా కట్టేయమంటారు. బోనస్ వచ్చిన నెలలో కడితే అది నేరుగా అసలుకే జమ అవుతుందని, దానివల్లే మూడేళ్లకి పైగా ముందు తీరిపోతుందని, ఎనిమిది లక్షలకి పైగా మిగులుతాయని ఆయన వాదన. ముందుగా కట్టినందుకు జరిమానా వేయడానికి కూడా లేదట, వ్యక్తులు తీసుకున్న ఫ్లోటింగ్ ఇంటి లోన్ల మీద 2012లోనే రిజర్వ్ బ్యాంక్ దాన్ని ఎత్తేయించిందట. నేను ఒప్పుకోను. బోనస్ వచ్చిన నెలలో సోఫా మార్చాలి. పైగా ఆ విషయం బ్యాంకు నుంచి నాకు ఒక్కసారి కూడా మెసేజ్ రాలేదు. టాపప్ లోన్ గురించి మాత్రం వారానికోసారి వస్తుంది, "మీకు ముందే మంజూరైంది" అని. ఇంత ఆప్యాయంగా పిలిచేవాళ్లని కాదని, పిలవని చోటికి వెళ్లడం మర్యాద కాదు.

మధ్యలో శుభవార్త కూడా ఉంది. 2025లో రెపో దిగడం మొదలైంది, డిసెంబర్‌కి 5.25కి వచ్చింది. నా రేటు 7.95 అయింది. ఈఎంఐ అదే ఉంచి గడువు తగ్గించమని రాసిచ్చాను. ఇప్పటిదాకా కట్టింది 22 లక్షల పైచిలుకు. అసలులో తగ్గింది నాలుగు లక్షలు కూడా లేదు.

మొన్న సంక్రాంతికి తోడల్లుడు గారు వచ్చారు. నేను ముందుజాగ్రత్తగా ఇంట్లో కాలిక్యులేటర్లు, పెన్నులు దాచేశాను. పాప లెక్కల పుస్తకం కూడా. ఆయన సోఫాలో కూర్చున్నారు, అరిసె తుంచారు, గోడల వైపు ఒకసారి చూశారు.

"ఇంకా ఎన్నేళ్లుంది తమ్ముడూ?"

"20 ఏళ్లకి అటూ ఇటూ అన్నయ్యగారూ."

ఆయన నోట్లో అరిసె ఆగిపోయింది. "గృహప్రవేశం రోజున కూడా 20 అనే అన్నావు కదయ్యా?"

"అవునండీ," అన్నాను. "మాట మార్చే అలవాటు నాకు లేదు."

వంటింట్లోంచి మా ఆవిడ, "బావగారూ, ఇంకో అరిసె వేసుకోండి" అంది. ఆయన అప్పటికే కళ్లు మూసుకున్నారు.